ఒడ్డున చెప్పే గుర్తు

2094 ఆగస్టు 11, సాయంత్రం 7.10

ఇది బడి హాజరు పుస్తకం. నేను ఉద్యోగం దిగిపోయిననాడు చివరి నలభై పేజీలు ఖాళీగా మిగిలాయి. వాటిని ఈ రోజు నుంచి వాడుతున్నాను. కారణం, నా మనవరాలు పోలేశ్వరి ఈ ఉదయం ఖాళీ పడవతో తిరిగొచ్చింది. పదకొండేళ్లుగా తన చేతిలో ఉన్న రాతి దిబ్బ ఆమెకు సముద్రంలో దొరకలేదు. చేప దొరకకపోవడం వేరు, దిబ్బే దొరకకపోవడం వేరు. మొదటిది ప్రతి ఏడూ ఉన్నదే. రెండోది మా ఇంట్లో ఇదే మొదటిసారి.

ముందు ఈనాటి కొలతలు. వాన 4 మిల్లీమీటర్లు. ఇంటి డబ్బా ఉప్పు వడకట్టి ఇచ్చిన నీళ్లు 11 లీటర్లు, నిన్న 14. జల్లెడ కడగాలి. పడవ బ్యాటరీలో మిగిలింది నూటికి 9. రోజూ 40 తగ్గకుండా మిగులుతుంది. దారిలో పడిన చిన్న చేపలు, కానాగంతలు, ఎనిమిది. దిబ్బ దగ్గర దొరికే పెద్ద చేపల్లో కోనాం సున్నా. బొంత సున్నా.

"తాడుకి గుండు కట్టి యేస్తే అడుగున రాయి తగలాల గదా మామ్మా! ఇటేస్తే బురద. అటేస్తే బురద. దిబ్బకి కాళ్లొచ్చి ఎల్లిపోనాదేటి?"

"దిబ్బలు నడవవు. కాళ్లు కడుక్కుని లోపలికి రా. ఏ గుర్తు మీద ఆపావు?"

ఆమె గుమ్మంలోనే ఆగిపోయింది. ఒడ్డు మీద ఉండగా అడగకూడని ప్రశ్న అడిగాను.

"నువ్వు సూపించిన గుర్తు మీదే," అని మాత్రం అంది.

ఈ పేజీలు నా తరవాత ఎవరు చదువుతారో తెలియదు కాబట్టి గుర్తు సంగతి రాస్తాను. 2061లో ఉపగ్రహాలు ఒకదాన్నొకటి కొట్టుకుని ముక్కలయ్యాక, మనం ఎక్కడున్నామో ఫోను చెప్పడం మానేసింది. మా ఉప్పుగెడ్డ పాలెం పడవలు మళ్లీ తాతల పద్ధతికి వచ్చాయి. పడవలోంచి ఒడ్డు వైపు చూస్తే వెనక గంపకొండ, దాని ముందు పాత ఫ్యాక్టరీ చిమ్నీ. కొండ కొన సరిగ్గా చిమ్నీ నెత్తిన కూర్చుంటే అది ఒక గీత. పక్కకు తిరిగి చూస్తే లైట్‌హౌసు, తాటితోపు అంచు. అది రెండో గీత. రెండు గీతలూ కలిసిన చోట, ఇరవై రెండు బారల లోతున, మా దిబ్బ.

పోలేశ్వరి పొరపాటు చేయలేదు. పొరపాటు కొండది. మంచినీటి కట్టకు రాయి కోసం గంపకొండను దక్షిణం వైపు నుంచి తవ్వుతున్నారు. తవ్వే యంత్రాలను మా వాళ్లు పీతలంటారు. ఎనిమిది కాళ్ల మీద నడిచి, ఒక్కో రాయినీ పొట్ట కింద పట్టుకుని సముద్రంలోకి దిగిపోతాయి. దక్షిణం తరిగిపోతే కొన ఉత్తరానికి జరుగుతుంది. మధ్యాహ్నం మిద్దె ఎక్కి కొలిచాను. నిన్న పెద్ద పెళ్ల విరిగిపడి, కొన ఒక్కసారే 120 మీటర్లు జరిగింది. కొండకూ చిమ్నీకీ మధ్య రెండు కిలోమీటర్లు, చిమ్నీకీ దిబ్బకూ ఎనిమిది. 120ని నాలుగుతో హెచ్చవేస్తే 480. కొన ఉత్తరానికి 120 జరిగితే పడవ దక్షిణానికి 480 మీటర్లు తప్పిపోతుంది.

పోలేశ్వరికి చెప్పాను. రేపు అంత ఉత్తరంగా వెళ్లి చూస్తుంది.

ఆగస్టు 12, ఉదయం 10.00

దిబ్బ దొరికింది. కోనాం 14, బొంత 6. పెద్దది 7 కిలోల 300 గ్రాములు. బ్యాటరీ 44.

అయినా పోలేశ్వరి ముఖంలో సంతోషం లేదు. వల విదిలిస్తూ అంది, "దిబ్బ నెత్తి మీద పసుపు బుడ్డొకటి తేల్తన్నాది. గొలుసేసి కట్టీసినారు. అంకె 212. దాని మీద ఏటి రాసినారో తెల్సా? 'రాయి. పునాదికి అనుకూలం.'"

చేపలు లెక్కపెట్టడం ఆపి, మళ్లీ మొదటి నుంచి లెక్కపెట్టాను.

ఆగస్టు 13, సాయంత్రం 5.30

కట్ట ఆఫీసుకు వెళ్లొచ్చాను. బస్సు 40 నిమిషాలు, నిరీక్షణ 2 గంటల 15 నిమిషాలు. ఇంజనీరు పేరు ప్రణవి. ముప్పై దాటి ఉండదు. నన్ను కూర్చోబెట్టి మజ్జిగ తెప్పించింది. అబద్ధమాడే మనిషిలా కనబడలేదు. పొడుగాటి బల్ల మీద పటం పరిచింది.

కట్ట 71 కిలోమీటర్లు. అఖాతాన్ని చుట్టేసి, లోపల ఉప్పునీళ్లు తోడేసి, నాలుగు నగరాలకు తాగునీరు నింపుతారు. ఆ నీళ్లలో మా చేప బతకదు. ఇది ఊరందరికీ తెలిసిందే. కానీ నియమం ఒకటుంది. మత్స్యకారులు తమ వేట చోటుగా నమోదు చేయించుకున్న ప్రతి దిబ్బకూ కిలోమీటరు దూరం వదిలి, దాన్ని బయట, సముద్రం వైపు ఉంచి కట్ట వంపు తిరగాలి. పటంలో కట్ట గీత పది చోట్ల మర్యాదగా వంపు తిరిగి ఉంది. 212 దగ్గర మాత్రం తిన్నగా పోయింది.

"ఇక్కడెందుకు తిరగలేదు?" అన్నాను.

"అక్కడ వేట ఉన్నట్టు ఎవరూ చెప్పలేదు మేడమ్. అడుగున గట్టి రాయి ఉంది. పునాదికి అంతకంటే మంచి చోటు ఉండదు. ఇలాంటివే దగ్గర్లో ఇంకో పది దొరికాయి. మీ వాళ్ల దిబ్బలన్నీ ఇవిగో, వంపుల దగ్గర."

"అక్కడ బురద తప్ప ఏమీ లేదమ్మా."

ఆమె సొరుగులోంచి ఒక కాగితం తీసి నా ముందు పెట్టింది. రెండేళ్ల కిందటి నమోదు జాబితా. పదకొండు ఇళ్లు, పదకొండు దిబ్బలు, గుర్తులతో సహా.

"ఇది మీ దస్తూరీ కదా మేడమ్?"

నాదే. ఒక్క కొట్టివేత కూడా లేదు.

ఆగస్టు 14, ఉదయం 6.00

నిద్ర సరిగా లేదు. ఇల్లు రెండుసార్లు ఊడ్చాను. జల్లెడ కడిగాను. ఇక రాయక తప్పదు.

మా పాలెంలో దిబ్బ గుర్తును పడవలోనే చెప్పాలి. దిబ్బ మీద పడవ ఆపి, చెయ్యి నీళ్లలో ముంచి, తండ్రి కొడుక్కో అత్త కోడలికో చెబుతారు. ఒడ్డు మీద ఎవరడిగినా తప్పుడు గుర్తే చెబుతారు. దాన్ని మేము అబద్ధం అనుకోము. అడిగినవాడికీ తెలుసు, చెప్పినవాడికీ తెలుసు. "మీ నాన్న ఎక్కడ పట్టాడు?" అంటే, "లైట్‌హౌసు దాటాక దక్షిణంగా" అంటాం. ఎదుటివాడు తలూపి చుట్ట వెలిగించుకుంటాడు. దాన్నే ఒడ్డు గుర్తు అంటాం.

రెండేళ్ల కిందట కట్టవాళ్లు బడిలో బల్లలు వేసి, వేట చోట్లు చెప్పమన్నారు. బడి ఒడ్డు మీద ఉంది. పదకొండు ఇళ్లవాళ్లూ వరసగా వచ్చి ఒడ్డు గుర్తులు చెప్పారు. రాయడానికి నన్ను కూర్చోబెట్టారు. వింటున్నప్పుడే నాకు తెలుసు. 'చెప్పేది వాళ్లు, రాసేది నేను' అనుకుని గుండ్రంగా, తప్పుల్లేకుండా రాశాను. ఏడో పేరు మాది. అప్పుడు కలం పక్కన పెట్టి, నోటితో ఒడ్డు గుర్తు చెప్పి, మళ్లీ కలం తీసుకుని దాన్నే రాసుకున్నాను.

ముప్పై ఒక్క ఏళ్లు పిల్లలకు లెక్కలు చెప్పాను. ఒక్క అంకె తేడా వస్తే సున్నా వేసేదాన్ని.

అదే రోజు, సాయంత్రం 4.00

జాబితాలోని గుర్తులన్నీ చదరాల కాగితం మీద గీశాను. పది దిబ్బలు బురదలో పడ్డాయి. పదకొండోది, సూరాడ మసేనుది, సముద్రంలోనే లేదు. ఉప్పుమడుల్లో, ఒడ్డుకు మూడు వందల మీటర్లు లోపల ఉంది. పటంలో పది వంపులే ఎందుకున్నాయో అప్పుడు అర్థమైంది.

మసేను మా ఆయనకు పెదనాన్న కొడుకు. వయసు 76. పాలెంలో అతని మాట నడుస్తుంది. వలల పాకకు వెళ్లి కాగితం చూపించాను.

"చూడు. ఇదీ నీ దిబ్బ."

కళ్లద్దాలు తుడుచుకుని చూశాడు. "ఇది మన అప్పలకొండగాడి ఉప్పుమడి గదా వొదినా."

"అవును. అక్కడ నువ్వు కోనాం పడుతున్నట్టు ప్రభుత్వం దగ్గర కాగితం ఉంది."

"ఉప్పు సేప మరి!" అని పాకంతా వినబడేలా నవ్వాడు. నేను నవ్వలేదు. 212 సంగతి చెప్పాను. మిగిలిన పది పసుపు బుడ్డీల చోట్లూ చూపించాను. అతని వేలు ఒకదాని మీద ఆగింది. ఆ వేలు వెంటనే వెనక్కి తీశాడు. నేను చూశానని అతనికి తెలిసింది.

"నీ దిబ్బ అదేనా?"

"నానేటి సెప్పినాను? నానేటీ సెప్పనేదే!"

ఆగస్టు 16, మధ్యాహ్నం 1.20

ప్రణవితో ఫోనులో 18 నిమిషాలు మాట్లాడాను. సారాంశం:

కొత్త జాబితా ఆగస్టు 31 సాయంత్రం అయిదు లోపు అందాలి. పదకొండు ఇళ్లూ తమ తమ గుర్తులు చెప్పి సంతకం పెట్టాలి, 26న సర్వే పడవ వచ్చి వాటిని సరిచూస్తుంది. మా ఒక్కరిదీ సరిచేసి ఇస్తే పాత జాబితా మొత్తం తప్పని తేలి, అందరి నమోదూ కొట్టేస్తారు. కాబట్టి అన్నీ ఇవ్వాలి, లేదా ఏదీ లేదు. సెప్టెంబరు 3న పీతలు 212 మీద రాళ్లు దించడం మొదలుపెడతాయి.

"కొండ తవ్వకం కొన్నాళ్లు ఆపగలరా?" అన్నాను.

"అది నా చేతిలో లేదు మేడమ్. ఇరవై అయిదు దాటితే కొన ఉండదు. మీ వాళ్లు గుర్తు చూపించాలంటే ఆలోపే చూపించాలి."

కొన ఎంత జరిగిందన్న లెక్కకు నా దగ్గర ఆధారం ఉంది. నలభై అయిదేళ్లుగా ఏటా తొలకరి మర్నాడు, మొదట బడి పిల్లల చేత గీయించి, తరవాత నేనే గీసి, గంపకొండ బొమ్మ కొలతలతో దాచాను. ఒక్క ఏడూ తప్పలేదు. ఏ ఏటి కొన ఎక్కడుందో చెప్పగలను. కానీ మిగతా పదిమంది కంటి గుర్తులు నా దగ్గర లేవు.

ఆగస్టు 17, ఉదయం 11.45

వలల పాకలో కూడాము. పదకొండు ఇళ్ల నుంచీ మనుషులు వచ్చారు. 38 మంది. పటం గోడకు తగిలించి, నేను తెలిసి రాసిన తప్పు నేనే చెప్పాను. ఎవరూ నన్ను తప్పు పట్టలేదు. అదే నాకు కష్టమనిపించింది. ఒడ్డున ఒడ్డు గుర్తు రాసింది, అందులో వింతేముంది అన్నట్టు చూశారు.

అసలు గుర్తులు చెప్పమన్నాను. ఎవరో వల ముడి విప్పుతున్నట్టు నటించారు.

గరికిన దానమ్మ లేచింది. భర్త పోయాక పడవ తనే నడుపుతుంది. "పంతులమ్మ గోరూ, ఇక్కడ సెప్తే నా పక్కనున్న ఈ బాబులు రేపు నా దిబ్బ మీదే ఉంటారు. కట్ట కప్పీసినా ఒకటే, ఈలు కప్పీసినా ఒకటే."

"ఈలంటే ఎవులే?" అని పక్కవాళ్లు అరిచారు.

మసేను చెయ్యెత్తాడు. "ముందు నువ్వు సెప్పు వొదినా. లెక్క నీది, కాయితం నీది. బోణీ కూడా నీదే గావాల."

న్యాయమైన మాటే. మా ఆయన ఎల్లాజీ జబ్బు చేసి, కొడుకు కూడా లేని ఏడు, నన్ను దిబ్బ మీదికి తీసుకెళ్లి నా చెయ్యి నీళ్లలో పెట్టించాడు. నేను పోలేశ్వరి చెయ్యి పెట్టించాను. మా ముగ్గురికి తప్ప తెలియని మాట. పోలేశ్వరి తలుపు దగ్గర నిలబడి ఉంది. ఆమె వైపు చూడకుండా, 38 మంది ముందు, ఒడ్డు మీద, మా దిబ్బ అసలు గుర్తు చెప్పాను. రెండు గీతలూ చెప్పాను. లోతు కూడా చెప్పాను.

అందరూ తలలూపారు. ఒకాయన చుట్ట వెలిగించాడు.

నాకు అర్థం కావడానికి కొంచెం సేపు పట్టింది. ఎవరూ నమ్మలేదు. ఒడ్డున చెప్పాను కాబట్టి అది ఒడ్డు గుర్తే అనుకున్నారు.

"నిజంగా నిజం," అన్నాను.

"మరే వొదినా," అన్నాడు మసేను, ఎంతో గౌరవంగా. "నాదీ నిజమే. అప్పలకొండ ఉప్పుమడి."

పాకంతా నవ్వింది.

అదే రోజు, మధ్యాహ్నం 2.30

ఇంటికి వచ్చాక పోలేశ్వరి అన్నం ముందు కూర్చుని ముట్టలేదు.

"ఊరందరికీ నా దిబ్బ పంచీసినావు. నన్నొక్క మాటడిగినావా?"

"అడిగితే వద్దంటావు."

"అంటాను మరి! నానేటి తినాల?"

"మూడో తేదీన రాళ్లు పడితే ఏం తింటావు?"

"అది కట్టోల్ల పాపం. ఇది నీ పాపం మామ్మా."

ఆమె అన్నది లెక్కకు సరిపోయింది. దిబ్బ పోతే పదకొండు ఇళ్లకూ పోతుంది. దిబ్బ మిగిలితే, అందరికీ తెలిసిపోయాక, పోలేశ్వరికి పదకొండో వంతు. ఆమె పడవ మీద బతుకుతున్నది మేమిద్దరం. రోజుకు 14 కోనాలు ఇక ఉండవు.

కాసేపటికి ఆమె ముద్ద కలుపుకుంది. "ఎవులూ నమ్మనేదు గదా," అంది. "నమ్మకపోతే నువ్వు సెప్పినట్టు కాదు." తింటూ తింటూ ఆగింది. "సెప్పినట్టు కాకపోతే కట్ట కూడా తిరగదు." మళ్లీ తిన్నది. చెయ్యి కడుక్కుని వచ్చి అంది, "మసేను తాతని రేపు పడవెక్కిస్తావా? ఒడ్డున నువ్వు గొంతు సించుకున్నా ఆలు నమ్మరు. నీల్లమీద సెప్పాల."

"నా మోకాళ్లు..."

"నాను మోస్తాను. బస్తాలు మోత్తన్నాను గదా."

ఆగస్టు 18, మధ్యాహ్నం 12.10

పదకొండేళ్ల తరవాత పడవెక్కాను. పోలేశ్వరి నన్ను వీపు మీద మోసి ఎక్కించింది. ఒడ్డున ఉన్నవాళ్లు చూసి నవ్వారు. నవ్వనిచ్చాను.

బయలుదేరిన సమయం 6.05. మసేను ముందు వైపు కూర్చుని, మూతి ముడుచుకుని, ఒడ్డు వైపు చూడకుండా నీళ్లే చూస్తున్నాడు. మరొకరి దిబ్బకు వెళ్లేటప్పుడు ఒడ్డు వైపు చూడకపోవడం మా మర్యాద. అతను పాత మనిషి.

7.20కి పీతలు రెండు మా పక్క నుంచే అడుగున నడిచి వెళ్లాయి. నీళ్లు మట్టి రంగయ్యాయి. పోలేశ్వరి నేను చెప్పినంత ఉత్తరంగా జరిపి, ఆపి, గుండు వదిలింది. తాడు చేతిలో టక్కున ఆగింది. 212 బుడ్డీ పది బారల దూరంలో ఊగుతోంది.

"ఇప్పుడు ఒడ్డు వైపు చూడు మసేనూ," అన్నాను. వంగి కుడిచెయ్యి నీళ్లలో ముంచాను. "నిన్న పాకలో ఏం చెప్పానో గుర్తుందా?"

అతను చూశాడు. చెయ్యి అడ్డం పెట్టుకుని మొదటి గీత చూశాడు. తిరిగి రెండోది చూశాడు. జరిగిన కొనను మనసులో వెనక్కి జరిపి చూసుకున్నాడు. పెదాలు కదిలాయి. తాడు తన చేతిలోకి తీసుకుని తనే ఒకసారి గుండు వేసి చూశాడు. రాయి.

"ఒడ్డున నిజం సెప్పినావా!" అన్నాడు. కోపమో భయమో తెలియలేదు. "ఎల్లాజీ ఇంటే ఏటంటాడు?"

"ఆయనకు నేను తరవాత చెప్పుకుంటాను. నువ్వు చెప్పు."

పోలేశ్వరి గాలం వేసి ఒక బొంతను లాగింది. 2 కిలోల 100. అది పడవలో తోక కొట్టుకుంటున్న చప్పుడే ఉంది. తరవాత మసేను చెయ్యి చాపి నీళ్లలో ముంచాడు.

"నా దిబ్బ ఇక్కడికి ఉత్తరాన ఉన్నాది. పద. అక్కడికెల్లినాకే సెప్తాను."

వెళ్లాం. చెప్పాడు. అక్కడ బుడ్డీ అంకె 215. నేను కొలిచాను. తిరిగొచ్చేటప్పుడు ఇంకో మాట కూడా అన్నాడు. "పోలీ దిబ్బ మీదికి మా పడవలు రావు. రావాలంటే పిల్లనడిగే వస్తాయి. అది నాను సూసుకుంటాను." పోలేశ్వరి తల తిప్పలేదు. కానీ పడవ కొంచెం నెమ్మది చేసింది.

ఆగస్టు 20, ఉదయం 8.30

నిన్న మసేను ఇంటింటికీ తిరిగాడు. దానమ్మ రేపు వస్తానంది. ఇద్దరు తలుపు తీయలేదు. కొన ఇంకో 11 మీటర్లు జరిగింది. రోజూ పొద్దున్నే మిద్దె ఎక్కుతున్నాను, దిగుతున్నాను, మళ్లీ ఎక్కుతున్నాను. కూర్చుంటే కాళ్లు ఊరుకోవడం లేదు.

ఇక జరగవలసినవి:

1. మిగిలిన ఇళ్లు తొమ్మిది. 21 నుంచి 24 వరకు రోజుకు ఇద్దరు, 25న ఒకరు. ఒక్కరు తప్పినా మళ్లీ రోజు లేదు.

2. ప్రతి ఒక్కరూ తమ దిబ్బ మీదే చెప్పాలి. వినేది నేనూ పోలేశ్వరీ మాత్రమే. కొలిచేది నేను.

3. తలుపు తీయని ఇద్దరి ఇళ్లకు దానమ్మ వెళ్లాలి. నేను వెళితే పాఠం చెప్పడానికి వచ్చాననుకుంటారు.

4. పడవ బ్యాటరీ రోజూ 90 దాటి నింపాలి. ఎండ లేకపోతే వలలు ఆరబెట్టే యంత్రం కరెంటు ఇటు మళ్లించాలి.

5. మోకాళ్లకు నూనె.

6. 26న నలభై అయిదు కొండ బొమ్మలూ ప్రణవికి ఇవ్వాలి. రసీదు తీసుకోవాలి. సర్వే పడవలో మసేను కూడా ఎక్కాలి. అతను ఉప్పుమడి గురించి జోకు వేస్తే ఆపాలి.

7. 31 సాయంత్రం అయిదు లోపు కొత్త జాబితా. ఈసారి కూడా నా దస్తూరీలోనే.

8. పోలేశ్వరిని అడగాలి. అడగవలసిన సమయం దాటిపోయింది, అయినా అడగాలి.

9. ఆగస్టు 11న ఈ పుస్తకంలో మా దిబ్బకు రాసిన గుర్తు తప్పు. దూరాలు సరైనవి. కొండ సరైనది. కొండ ముందు చూడవలసింది చిమ్నీ కాదు. ఒడ్డున కూర్చుని రాశాను, చెయ్యి దానంతట అదే అలా రాసేసింది. ఇందాక తిరగేస్తే కనబడింది. రేపు పుస్తకం పడవలోకి తీసుకెళ్లి, దిబ్బ మీద ఆగి, ఆ మాట కొట్టేసి, సరైనది రాయాలి.